కుక్కకు మన మాట ఎంత తెలుసు? అపోహలు - వాస్తవాలు

కుక్కలకు శిక్షణ ఇవ్వడం నా వృత్తి. ఏ ఇంటికి వెళ్లినా దాదాపు ఇవే మాటలు వింటుంటాను.

అపోహ: కమాండ్ ఇంగ్లీషులో ఇస్తేనే కుక్క బుర్రకు ఎక్కుతుంది.

వాస్తవం: ఏ భాషైనా ఎక్కుతుంది, ఇంటిల్లిపాదీ ఒకే మాట వాడితే చాలు. నాన్న ‘సిట్’, అమ్మ ‘కూర్చో’, నానమ్మ ‘కూకో’ అంటుంటే ఆ మూగజీవి ఏది పట్టుకోవాలి? హంగేరీ రాజధాని బుడాపెస్ట్‌లోని ఎట్వష్ లోరాండ్ యూనివర్సిటీలో 18 కుక్కలకు మెదడు స్కానర్‌లో కదలకుండా పడుకోవడం నేర్పి, ఒకే కథను స్పానిష్‌లో, హంగేరియన్‌లో వినిపించారు. ఇంట్లో వినే భాషకు ఒకలా, ఎన్నడూ వినని భాషకు మరోలా వాటి మెదడు స్పందించింది. తెలుగింటి కుక్కతో హాయిగా తెలుగులోనే మాట్లాడండి.

అపోహ: మావాడికి ప్రతి మాటా అర్థమవుతుంది.

వాస్తవం: ఇలా అన్న ఒకాయనను చేతులు జేబుల్లో పెట్టుకుని, గోడవైపు తిరిగి ‘కూర్చో’ అనమన్నాను. లాబ్రడార్ కూర్చోలేదు. చెవులు రిక్కించింది, చుట్టూ తిరిగి వచ్చి ఆయన ముఖంలోకి చూసింది. ఇన్నాళ్లూ ఆయన ‘కూర్చో’ అన్నప్పుడల్లా కాస్త వంగి వేలు ఎత్తేవారు. అది నేర్చుకున్నది ఆ వేలిని. ఆయన చిన్నబోయారు గానీ, నాకు మాత్రం ఆ కుక్క మీద గౌరవం పెరిగింది. ఆయనకే తెలియని సైగను అది పట్టేసింది మరి! గిట్టతో నేలను కొట్టి జవాబు చెబుతూ లెక్కలు చేస్తుందని బెర్లిన్‌లో పేరుపడ్డ హాన్స్ అనే గుర్రం సంగతీ ఇంతే. అడిగేవాళ్ల తల కదలికను చూసి అది గిట్ట కొట్టడం ఆపేదని 1907లో ఆస్కార్ ఫుంగ్స్ట్ అనే సైకాలజిస్ట్ తేల్చారు.

అపోహ: అయితే కుక్కకు మాటలు తెలియవు, గొంతులోని మురిపెమే తెలుస్తుంది.

వాస్తవం: అదీ తప్పే. జర్మనీలోని రికో అనే బోర్డర్ కోలీ జాతి కుక్కకు 200కు పైగా వస్తువుల పేర్లు తెలిసేవి. సైగలు అందకుండా బొమ్మలను పక్క గదిలో పెట్టి పరీక్షించారు. తెలిసిన బొమ్మల మధ్య కొత్తదాన్ని ఉంచి, ఎప్పుడూ వినని పేరు చెబితే, 10 సార్లలో 7 సార్లు ఆ కొత్తదాన్నే తెచ్చింది. ఈ ఫలితాలు 2004లో వెలువడ్డాయి. అమెరికాలో జాన్ పిల్లీ అనే సైకాలజీ ప్రొఫెసర్ రిటైరయ్యాక చేజర్ అనే కుక్కకు 3 ఏళ్లలో 1,022 బొమ్మల పేర్లు నేర్పారు.

కానీ ఇలాంటివి చాలా అరుదు. బుడాపెస్ట్‌లోనే మూడు నెలలు ఓపిగ్గా ఆడించినా, మామూలు కుక్కల్లో చాలావరకు రెండు బొమ్మల పేర్లు కూడా నేర్చుకోలేదు. మీది నేర్చుకోలేదని దయచేసి కోప్పడకండి, కొట్టకండి. ‘శభాష్’ అనేటప్పుడు మాత్రం మురిపెంగా అనండి. మెచ్చుకునే మాట, మెచ్చుకునే గొంతు రెండూ కలిసినప్పుడే వాటి మెదడులో సంతోషానికి సంబంధించిన భాగం చురుకవుతుందని 2016లో బుడాపెస్ట్‌లోనే చూశారు.

అపోహ: ఊరకుక్కలకు బుర్ర తక్కువ.

వాస్తవం: ఈ మాట వింటే నాకు బాధేస్తుంది. కోల్‌కతాలోని ఐసర్ అనే సైన్స్ విద్యాసంస్థలో అనిందితా భద్ర బృందం వీధికుక్కల ముందు మూతపెట్టిన రెండు గిన్నెలు ఉంచి, ఒకదాన్ని వేలితో చూపింది. ఎవరూ నేర్పకపోయినా, దగ్గరికి వచ్చినవాటిలో సుమారు 80 శాతం చూపిన గిన్నె దగ్గరికే వెళ్లాయి. సగం దాకా అసలు దగ్గరికే రాలేదు. బెదురుతో ఆగిపోయాయి, మనుషుల చేతిలో దెబ్బలు తిన్నవి అయ్యుండొచ్చని పరిశోధకులు అనుకున్నారు. మీ వీధిలోది పిలిస్తే రాకపోతే కాస్త దూరంగా కూర్చుని, చేయి కిందికే ఉంచి, రోజూ అదే మాటతో పిలవండి.