కీమో తర్వాత జొరం వస్తే తెల్లారేదాకా ఆగొద్దు

మా చిత్తూరు పక్క ఇంట్లో ఎవరికన్నా జొరం వస్తే చేసేది మామూలుగా ఒకటే, ఒక డోలో మాత్ర వేసి, మిరియాల రసం అన్నం పెట్టి, రెండు రోజులు చూసి తగ్గకపోతే ఊర్లో ఆర్‌ఎంపీ దగ్గర ఒక సూది వేయించడం. వైరల్ జొరాలు దానంతట అవే పోతాయి కాబట్టి చాలాసార్లు ఇది సరిపోతాది కూడా. కానీ ఆ ఇంట్లో కీమో చేయించుకుంటా ఉండే మనిషికి జొరం వస్తే మాత్రం ఇందులో ప్రతి మెట్టూ తప్పే. మాత్ర తప్పు, ఆగడం తప్పు, కండకి వేసే సూది ఇంకా తప్పు. ఎందుకో కొంచెం వివరంగా చెప్తా.

కీమో మందు క్యాన్సర్ కణాల్నే ఏరి చంపదు, వేగంగా చీలే కణం ఏది కనపడినా కొడతాది. జుట్టు ఊడేదీ నోరు పూసేదీ అందుకే. ఎముకల్లో మూలుగలో తయారయ్యే తెల్ల కణాలకీ అదే గతి. వాటిల్లో న్యూట్రోఫిల్స్ అని ఉంటాయి, బ్యాక్టీరియా లోపలికి వస్తే అందరికంటే ముందు పోయి మింగేసేవి ఇవే. ఆరోగ్యంగా ఉండే మనిషి ఒంట్లో రోజుకి దాదాపు 10,000 కోట్ల న్యూట్రోఫిల్స్ తయారవుతాయి, ఎందుకంటే రక్తంలోకి వచ్చినాక వాటి ఆయుష్షు గంటల్లెక్కనే. మదనపల్లి టమాటా మార్కెట్ చూసినోళ్ళకి ఇది ఈజీగా అర్థమవుతాది, తోటలో కాపు ఆగిపోయినా ముందు కోసిన క్రేట్లు కొన్నాళ్ళు వస్తానే ఉంటాయి, అవి అయిపోయినాక మార్కెట్ ఒక్కసారిగా ఖాళీ అవుతాది. కీమోలోనూ అంతే, మందు ఎక్కించిన రోజు కౌంట్ బాగానే ఉంటాది, మనిషి కూడా నడుచుకుంటా ఇంటికి వస్తారు, అసలు గండం ఉండేది సుమారు 7 నుంచి 14 రోజుల మధ్యలో. అంటే ఆస్పత్రిలో కాదు, ఇంట్లో ఉన్నప్పుడు.

రిపోర్ట్‌లో అందరూ టోటల్ కౌంట్ చూసి కంగారు పడతారు గానీ చూడాల్సింది ఏఎన్‌సీ, అంటే రక్తంలో న్యూట్రోఫిల్స్ ఎన్ని ఉండాయనే లెక్క. లెక్క పెద్ద కష్టం కాదు, తెల్ల కణాలు 1,200 ఉండి అందులో న్యూట్రోఫిల్స్ 20 శాతం ఉంటే ఏఎన్‌సీ 240. ఇది 500 కంటే దిగినా, ఇంకో రెండు రోజుల్లో దిగేలా ఉన్నా, దాంతోపాటు జొరం ఉంటే దాన్నే ఫెబ్రైల్ న్యూట్రోపీనియా అంటారు. 100 లోపలికి పోతే ఇంకా ప్రమాదం. ఈ కౌంట్‌కీ ఇన్ఫెక్షన్‌కీ ఉండే లింకుని లెక్కలతో చూపించింది 1966లో, బోడీ అనే డాక్టరు, ఆయనతోటి వాళ్ళు, లుకేమియా అనే రక్త క్యాన్సర్ పేషెంట్లని గమనించి. అప్పట్లో రక్తంలో ఏ క్రిమి ఉందో పెంచి చూసే కల్చర్ రిపోర్ట్ వచ్చినాకనే మందు మొదలుపెట్టేవాళ్ళు, ఆ రిపోర్ట్ వచ్చేలోపే పోయినోళ్ళు చాలామంది. 1971లో షింఫ్ అనే ఆయన, ఆయన టీమ్ కలిసి జొరం వచ్చిన వెంటనే, ఏ క్రిమో తెలీకముందే రెండు యాంటీబయాటిక్స్ కలిపి మొదలుపెట్టి చూపించినారు, చావులు తగ్గినాయి. ఇప్పుడు మందులు మారినాయి గానీ పద్ధతి అదే.

ఈ జబ్బులో మనల్ని మోసం చేసేది ఇంకోటుంది. గాయం ఎర్రబడేది, వాచేది, చీము పట్టేది చాలావరకు న్యూట్రోఫిల్స్ పనే. అవే లేకపోతే ఊపిరితిత్తుల్లో నిమ్ము చేరినా మొదట్లో ఎక్స్‌రే శుభ్రంగా కనపడొచ్చు, యూరిన్ ఇన్ఫెక్షన్ ఉన్నా యూరిన్‌లో చీము కణాలు కనపడకపోవచ్చు, గొంతు చూస్తే ఏమీ ఉండదు. చాలాసార్లు మిగిలేది జొరం ఒక్కటే. దాన్ని కూడా పారాసిటమాల్ వేసి అణిచేస్తే ఇంక చెప్పేదానికి ఒంట్లో ఎవురూ లేరు. అందుకే ముందు థర్మామీటర్, తర్వాత ఫోన్, మాత్ర గురించి డాక్టర్ చెప్పినాకనే. నోట్లో పెట్టి చూస్తే ఒక్కసారి 101 డిగ్రీల ఫారెన్‌హీట్ దాటినా, లేదా 100.4 గంటసేపు అట్లనే ఉన్నా బయల్దేరాల్సిందే. చంకలో పెడితే కొంచెం తక్కువ చూపిస్తాది, నోరు పూసినోళ్ళకి వేరే దారి ఉండదు కాబట్టి అది గుర్తుపెట్టుకోండి. మలద్వారంలో థర్మామీటర్ గానీ, ఎనిమా గానీ అస్సలు వద్దు. కండకి సూది కూడా వద్దు, ప్లేట్‌లెట్లు కూడా తక్కువుంటాయి కాబట్టి లోపల రక్తం కారి గడ్డకట్టి అదే ఇన్ఫెక్షన్‌కి ఇల్లవుతాది. స్టెరాయిడ్ మాత్రలు వాడతా ఉండేవాళ్ళకి, వయసు మళ్ళినోళ్ళకి జొరమే రాకపోవచ్చు, ఊరికే చలి, వణుకు, కళ్ళు తిరగడం, మాట తేడాగా ఉండటం, ఒంటేలు తగ్గిపోవడం ఉంటే దాన్నీ జొరంతో సమానంగానే చూడాలి.

నా లెక్కలో ఈ జబ్బు డయాగ్నోసిస్ సగం ఇంట్లోనే అయిపోవాలి, ల్యాబ్‌లో కాదు. ఎందుకంటే టార్గెట్ ఏమంటే ఆస్పత్రి గుమ్మం తొక్కిన గంటలోపల మొదటి యాంటీబయాటిక్ నరంలోకి పోవాలి, ఆ గంట బాగానే ఉంది గానీ, గుమ్మం దాకా పోవడానికే మనకి పట్టే టైమ్ ఎవరు లెక్కేస్తారు? తిరుపతిలో ఉండేవాళ్ళకి స్విమ్స్ ఆస్పత్రి ఉంది, అలిపిరి దగ్గర 2022లో మొదలైన టాటా వాళ్ళ క్యాన్సర్ ఆస్పత్రి ఉంది. చిత్తూరోళ్ళు రాయవేలూరు సీఎంసీకి పోతారు, తిరుపతి కంటే అదే దగ్గర. పలమనేరు అవతలోళ్ళకి, కుప్పమోళ్ళకి ఎటు పోయినా దూరమే. అట్లాంటప్పుడు కీమో ఇచ్చిన వార్డుకి ఫోన్ చేసి, నరానికి మందు ఎక్కించగలిగే దగ్గరి ఆస్పత్రిలోనే రక్తం కల్చర్‌కి తీయించి మొదటి డోస్ వేయించుకుని బయల్దేరొచ్చా అని అడగండి. కీమో పేరు, ఎక్కించిన తేదీ, అలెర్జీలు రాసి ఉండే ఫైల్ సంచిలోనే ఉండాలి. క్యాజువాలిటీలో మొదటి మాటే "కీమో అయ్యి పది రోజులైంది సార్, జొరం" అని చెప్పండి, లేకపోతే మామూలు జొరం క్యూలో కూర్చోబెట్టేస్తారు.

అక్కడ రక్తం ఎక్కువ తీస్తా ఉండారని ఇంట్లోవాళ్ళు గొడవపడతా ఉంటారు. పెద్దోళ్ళకి కల్చర్ రెండు సెట్లు, సెట్‌కి 20 మిల్లీలీటర్ల దాకా కావాలి, తక్కువ తీస్తే క్రిమి దొరకదు. మందు ఎక్కించేదానికి నరంలో పెట్టి ఉంచే పోర్ట్ గానీ పిక్ లైన్ గానీ ఉంటే అందులోనించి ఒకటి, చేతినించి ఒకటి. లైన్ నించి తీసిన బాటిల్ రెండు గంటలో ఇంకా ఎక్కువో ముందుగా పాజిటివ్ వస్తే లైనే దోషి అని గట్టి అనుమానం.

తర్వాత పిపరాసిలిన్-టాజోబాక్టమ్, సెఫిపైమ్, మెరోపెనమ్ లాంటివాటిల్లో ఒకటి మొదలుపెడతారు, సూడోమొనాస్ అనే క్రిమిని కూడా కొట్టేవి ఇవి. మన దేశంలో ఈ.కోలై, క్లెబ్సియెల్లా లాంటివే ఎక్కువగా దొరుకుతా ఉంటాయి, వాటిల్లో మందులకి లొంగనివి జాస్తి, దీనికి మెడికల్ షాపులో చీటీ లేకుండా యాంటీబయాటిక్ కొనుక్కునే మన అలవాటు కూడా ఒక కారణమే. ఇంకోటి, వానలు పడినాక మా పక్క చిన్న పురుగు కుడితే వచ్చే స్క్రబ్ టైఫస్ అనే జొరం, డెంగీ కూడా ఉంటాయి. పైన చెప్పిన మందులు స్క్రబ్ టైఫస్‌కి పనిచేయవు, దానికి డాక్సీసైక్లిన్ కావాలి, అందుకే చంకల్లో గజ్జల్లో కాలిన మచ్చలాంటి పుండు ఉందేమో చూడమని ఇంట్లోవాళ్ళే గుర్తుచేస్తే తప్పులేదు.

అందరికీ అడ్మిషన్ అవసరం లేదు. పేషెంట్‌కి రిస్క్ ఎంతో పాయింట్లతో చెప్పే మాస్క్ (MASCC) స్కోర్ అని ఒకటుంది, మొత్తం 26, అందులో 21 గానీ ఎక్కువ గానీ వస్తే రిస్క్ తక్కువ, కొంతసేపు చూసి మాత్రలతో ఇంటికి పంపొచ్చు. కానీ రాత్రి మళ్ళీ ఎక్కువైతే గంటలో రాగలరా అనేది కూడా చూడాలి, ఏజెన్సీ పల్లెల్లో ఉండేవాళ్ళని స్కోర్ ఒక్కటే చూసి పంపకూడదు. లుకేమియా వాళ్ళ సంగతి వేరే, కౌంట్ వారానికి పైగా లేవదు, వాళ్ళు లోపలే ఉండాలి. మందు మొదలుపెట్టినాక గడ్డల క్యాన్సర్లలో జొరం సుమారు రెండు రోజుల్లో, రక్త క్యాన్సర్లలో ఐదు రోజుల్లో దిగుతాది, కాబట్టి మరుసటి రోజే మందు మార్చమని డాక్టర్ మీద పడొద్దు, బీపీ పల్స్ బాగుంటే ఆగొచ్చు. నాలుగు నుంచి ఏడు రోజులైనా తగ్గకపోతే ఫంగస్ అనుమానం, అప్పుడు ఛాతీ సీటీ, యాంఫోటెరిసిన్ లేదా కాస్పోఫంగిన్ లాంటి మందులు.

చుట్టాలని రానీకుండా తలుపేసుకుంటే సరిపోతాది అనుకుంటారు గానీ, క్రిముల్లో చాలావరకు బయటినించి రావు, పేషెంట్ సొంత పేగుల్లోనించే, కీమోకి పుండైన లోపలి పొరని దాటి రక్తంలోకి పోతాయి. అందుకే తిండి మరీ కట్టడి చేస్తే లాభం ఉందని పరీక్షల్లో తేలలేదు. వేడివేడి సంగటి, పప్పు, బాగా ఉడికిన గుడ్డు, కడిగి తొక్క తీసిన పండు, అన్నీ తినొచ్చు, రోడ్డు మీద కోసిపెట్టిన ముక్కలు, పానీపూరి వద్దు. ఇంక కొండ మొక్కు. ఎట్లాగూ జుట్టు ఊడిపోతా ఉంది కదా గుండు ఇచ్చేద్దాం అని ఆ పదో రోజే తిరుమలకి పోతామంటారు, క్యూ కాంప్లెక్స్ గుంపులో గంటలు గంటలు, పైన కత్తి గాటు. స్వామి ఎక్కడికీ పోడు, కౌంట్ లేచినాక, తర్వాతి కీమోకి ముందు, డాక్టర్ని అడిగి పోండి.

ఒకసారి ఇట్లా అయినోళ్ళకి తర్వాతి సైకిల్లో మళ్ళీ వచ్చే ఛాన్స్ ఎక్కువ. కాబట్టి డోస్ తగ్గిస్తారు, లేదా కీమో అయిన మరుసటి రోజు పెగ్‌ఫిల్‌గ్రాస్టిమ్ ఇంజెక్షన్ ఇస్తారు, ఇది చర్మం కిందకి వేసేది, మూలుగని తొందరపెట్టి కణాల్ని చేయిస్తాది, ఒకట్రెండు రోజులు నడుము ఎముకలు లాగతాయి. పూర్తిగా నయం చేసే ఉద్దేశంతో ఇచ్చే కీమో అయితే డోస్ తగ్గించడానికి డాక్టర్లు తొందరగా ఒప్పుకోరు, ఇంజెక్షన్ వైపే మొగ్గుతారు. ఖర్చు గురించి, ఎన్టీఆర్ వైద్య సేవలో వస్తాదా రాదా అనేది డిశ్చార్జ్ కాకముందే ఆస్పత్రిలో ఆ పథకం డెస్క్‌లో అడిగి పెట్టుకోండి.