యాకిమా కనట్ గురించి పిల్లలకు ఉత్తరం

చిరంజీవులకు ఆశీస్సులు.

పరుగెత్తే గుర్రం మీది నుంచి సినిమా కథానాయకుడు దూకగానే మీరు చప్పట్లు కొడతారు. దూకింది ఆయన కాదు, ఆయన డూప్ అని తెలిసినా ఆ డూప్ పేరు అడిగేవారు అరుదు. అటువంటి డూప్‌లలో మీరు తప్పక తెలుసుకోవలసినవాడు అమెరికాకు చెందిన యాకిమా కనట్.

1895లో వాషింగ్టన్ రాష్ట్రంలో పుట్టిన ఈయన, లొంగని గుర్రాలపై స్వారీ చేసే రోడియో పోటీలలో విజేతగా పేరు తెచ్చుకుని, మూకీ చిత్రాలలో నటుడయ్యాడు. టాకీలు వచ్చేసరికి, ఎప్పుడో జబ్బు చేసినప్పుడు దెబ్బతిన్న గొంతు ఆయనకు అడ్డంకి అయింది. దాంతో స్టంట్లనే ప్రధాన వృత్తిగా చేసుకున్నాడు.

1939లో వచ్చిన 'స్టేజ్‌కోచ్' చిత్రంలో ఆయన చేసిన సాహసాన్ని ఈనాటికీ స్టంట్ కళాకారులు తలుచుకుంటారు. ఆరు గుర్రాలు లాగే బండికి ముందున్న జత మీదికి దూకి, తుపాకీ దెబ్బ తిన్నట్టుగా వాటి మధ్యకు జారి, నొగను పట్టుకుని కొంతదూరం నేలమీద ఈడ్చుకుపోయి, ఆపైన చేతులు వదిలేస్తే, గుర్రాలూ బండీ ఆయన మీదుగా దాటిపోయాయి. ఇది తెగింపు మాత్రమే అనుకోకండి. నెమ్మదిగా సాగే గుర్రాలు అటూ ఇటూ జరుగుతాయి, పూర్తి వేగంతో పరుగెత్తేవి సూటిగా పోతాయి. కాబట్టి బండిని ఎంత వేగంగా తోలితే తనకు అంత క్షేమమని ఆయన ముందే లెక్క వేసుకున్నాడు.

పడిపోయే రౌతు కాలు రికాబులో, అంటే జీనుకు వేలాడే పాదం పెట్టుకునే చట్రంలో, ఇరుక్కుంటే ప్రాణానికే ముప్పు. అందుకని ఒకవైపు తెరిచి ఉండే రికాబును తయారుచేశాడు. పోట్లాట దృశ్యాలలో పిడికిలి ముఖానికి తగలకుండా పక్కనుంచి పోయినా, కెమెరాను సరైన కోణంలో పెడితే గట్టి దెబ్బలాగే కనిపించే పద్ధతిని నటుడు జాన్ వేన్‌తో కలిసి మెరుగుపరిచాడు.

ఒక్క సంగతి మీ దగ్గర దాచను. గుర్రాల ముందుకాళ్లకు తీగ కట్టి, పరుగులో ఉండగా పడగొట్టే పద్ధతి అప్పట్లో ఉండేది. ఆయనా దానిని వాడాడు. ఎన్నో గుర్రాలను అవిటివి చేసిన ఆ క్రూరమైన పద్ధతిని నేను సమర్థించలేను.

తరువాత ఆయన సాహస దృశ్యాలను చిత్రీకరించే దర్శకుడయ్యాడు. 1959 నాటి 'బెన్-హర్' చిత్రంలోని రథాల పందెం దర్శకుడు ఆండ్రూ మార్టన్‌తో కలిసి ఆయన చిత్రీకరించినదే. దానికోసం రోములోని చినెచిత్తా స్టూడియోలో 18 ఎకరాల మైదానం నిర్మించారు. నటుడు చార్ల్‌టన్ హెస్టన్‌కు రథం తోలడం నేర్పిందీ ఆయనే. హెస్టన్‌కు డూప్‌గా ఉన్న కనట్ సొంత కొడుకు జో, విరిగిపడిన రథం మీదుగా తన రథాన్ని దూకించినప్పుడు ముందుకు ఎగిరిపడ్డాడు. అయినా పట్టు వదలకుండా గడ్డం మీద గాయంతో బయటపడ్డాడు. అనుకోకుండా జరిగిన ఆ ఘట్టాన్ని, హెస్టన్ మళ్లీ రథంలోకి ఎక్కుతున్నట్టు మరో షాట్ తీసి జతచేసి, చిత్రంలోనే ఉంచారు.

1967 ఆస్కార్ వేడుకలో కనట్‌కు గౌరవ పురస్కారం ఇచ్చారు. స్టంట్ కళాకారుడిగా ఆయన ప్రతిభతో పాటు, తోటివారి రక్షణకోసం ఆయన రూపొందించిన సాధనాలను కూడా అందులో ప్రత్యేకంగా పేర్కొన్నారు. 1986లో, తొంభై ఏళ్ల వయసులో ఆయన మరణించాడు.

ఇట్లు,
మీ తాతయ్య