రుంబాలో నడుము ఊపరండీ!

మొన్న శనివారం ట్రయల్ క్లాసుకు ఒక జంట వచ్చింది. డిసెంబర్లో పెళ్లి. సంగీత్‌లో రుంబా, అంటే జంటగా నెమ్మదిగా చేసే లాటిన్ డ్యాన్సు, చెయ్యాలని అమ్మాయి ముచ్చట. అబ్బాయి గుమ్మం దగ్గరే ఆగిపోయి, "సార్, నడుం ఊపడం తప్ప ఏదైనా చెప్పండి, చేస్తాను" అన్నాడు. పదకొండేళ్లుగా బాల్‌రూమ్, లాటిన్ నేర్పుతున్నాను, ఈ మాట వినని నెల లేదు. మగవాళ్లు దీనికి జడిసి మానేస్తారు. ఆడవాళ్లు దీన్నే నమ్మి నడుం నొప్పి తెచ్చుకుంటారు. అందుకే ముందు దీని సంగతి చూద్దాం.

అపోహ: రుంబా అంటే నడుము ఊపడం.

వాస్తవం: నడుము కదులుతుంది. కానీ దాన్ని కదిలించేది పాదమూ మోకాలూ. చంటిపిల్లను చంకనెత్తుకుని బస్సు కోసం నిలబడ్డ తల్లిని ఎప్పుడైనా గమనించారా? బరువంతా ఒక కాలి మీద, ఆ కాలు నిటారుగా. రెండో మోకాలు కొంచెం వంగి ఉంటుంది. తుంటి తనంతట తానే ఒక పక్కకు వస్తుంది. ఆవిడ నడుం ఊపుతోందని ఎవరైనా అంటారా? మేం క్యూబన్ మోషన్ అని గొప్పగా పేరు పెట్టుకున్నది దీనికే.

అడుగు వేసేటప్పుడు మునిపాదం ముందు నేలను నొక్కాలి. తర్వాత మడమ దిగాలి. బరువు పూర్తిగా చేరేసరికి ఆ మోకాలు నిటారు కావాలి, వెనక కాలి మోకాలు వదులవ్వాలి. అప్పుడు తుంటి పక్కకీ, కాస్త వెనక్కీ వెళ్తుంది. నిటారు అన్నాను కదా అని మోకాలిని వెనక్కి విరిచి లాక్ చెయ్యకండి, అది ఇంకో నొప్పి. భుజాలను వాటి మానాన వాటిని వదిలెయ్యండి.

పాదాలు నేలకు అతికించినట్టు ఉంచి నడుముని అటూ ఇటూ విసిరితే ఏమవుతుందో చెప్తాను. నిరుడు యాభై దాటిన ఒక బ్యాంకు ఉద్యోగిని వచ్చారు. నెల రోజులు ఫోన్లో వీడియోలు పెట్టుకుని అద్దం ముందు అలాగే ప్రాక్టీసు చేశారట. వెన్ను కింది భాగం పట్టేసి, ఫిజియోథెరపీ అయ్యాక, డాక్టరు సరేనన్నాకే నా దగ్గరికి వచ్చారు. "నాకు నడుం తిరగదు సార్, వయసైపోయింది" అని కళ్లనీళ్లు పెట్టుకున్నారు. రెండు వారాలు ఆవిడ చేత నడిపించాను, అంతే. హాలు ఈ చివర నుంచి ఆ చివరికి, మెల్లగా, నడుం ఊసే ఎత్తకుండా. మూడో వారం ఆవిణ్ణి తీసుకెళ్లడానికి వచ్చిన భర్త గుమ్మంలో నిలబడి, "ఇప్పుడు బాగానే కదులుతోందే!" అన్నారు. ఆవిడకే తెలియదు.

శనివారం అబ్బాయికీ ఇదే. అరగంట నడిచాక, "ఊపడం ఎప్పుడు మొదలుపెడదాం సార్?" అని అడిగాడు. పెళ్లికూతురు నోటికి చున్నీ అడ్డం పెట్టుకుని నవ్వింది.

అపోహ: పాట ఒకటో కౌంట్ మీదే అడుగు పడాలి.

వాస్తవం: రుంబా పాట నాలుగేసి కౌంట్లుగా నడుస్తుంది. అమెరికన్ పద్ధతిలో అయితే ఒకటి మీద అడుగు పడొచ్చు. అక్కడ బాక్స్ స్టెప్: ఎడమ కాలు ముందుకి నిదానంగా రెండు కౌంట్లు, కుడి కాలు పక్కకి, ఎడమ కాలు దాని దగ్గరికి, తర్వాత ఇదే కుడి కాలితో వెనక్కి. ఇంటర్నేషనల్ పద్ధతిలో అడుగులు 2, 3, 4 మీద పడతాయి. లీడ్ చేసేవాళ్లకు, అంటే జంటను నడిపించేవాళ్లకు, ఎడమ కాలు ముందుకి 2, బరువు వెనక కుడి కాలి మీదకి 3, ఎడమ కాలు పక్కకి 4. ఒకటి మీద కొత్త అడుగు ఉండదు, 4 మీద వేసిన అడుగులోకి తుంటి సర్దుకుంటుంది. మళ్లీ కుడి కాలు వెనక్కి 2, అలా. నా మొదటి పోటీలో టెన్షన్‌లో పాటంతా ఒకటి మీదే వేశాను, పార్ట్‌నర్ వారం మాట్లాడలేదు. కర్ణాటక సంగీతం నేర్చుకున్న స్టూడెంట్లకు ఈ బాధ తక్కువ. తాళం మొదలయ్యాక కాసేపాగి ఎత్తుకునే కీర్తనలు వాళ్లకు అలవాటే.

అపోహ: రుంబా పుట్టుకతోనే ప్రేమ నాట్యం, స్పెయిన్ దొరలది.

వాస్తవం: ఎవరు పుట్టిస్తారో ఈ కథలు! క్యూబాలో 1886లో బానిసత్వం రద్దయింది. ఆ కాలంలో హవానా, మతాంజాస్ రేవుల్లో, పేదల ఉమ్మడి లోగిళ్లలో నల్లజాతి శ్రామికులు చెక్కపెట్టెల మీద దరువేసి పాడి ఆడినది రుంబా. ఎండుచేపలు వచ్చిన పెట్టెలే వాళ్ల డప్పులు. యాంబూ, గ్వాగ్వాంకో, కొలంబియా అని మూడు రకాలు. కొలంబియా అయితే సంప్రదాయంగా మగవాడు ఒంటరిగా ఆడేది, ఇక ప్రేమ ఎక్కడిది? 2016లో యునెస్కో సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేరింది ఈ రుంబానే.

మనం నేర్చుకునే బాల్‌రూమ్ రుంబా వేరు. దాని వేళ్లు బొలేరో, సోన్ అనే క్యూబా సంగీత, నాట్య రీతుల్లో ఉన్నాయి. 1930లో క్యూబా సంగీతకారుడు డాన్ అస్పియాసు బృందం న్యూయార్క్‌లో రికార్డు చేసిన సోన్ పాట లేబులు మీద రుంబా అని వేశారు, ఆ పేరు అలా అంటుకుంది. తర్వాత లండన్‌లో నేర్పే మాస్టర్ పియేర్ 1947లో హవానా వెళ్లి, అక్కడి జనం రెండో కౌంట్ మీద అడుగేయడం చూసి వచ్చారు. బాక్స్ పద్ధతి వాళ్లకూ ఆయనకూ 1950లలో పెద్ద గొడవే జరిగింది. ఇప్పటికీ "మా వీడియోలో వేరేగా ఉంది సార్" అని మీరు నన్ను నిలదీసేది ఇలా రెండు పద్ధతులు ఉండటం వల్లే.

మిగతావి గబగబా. నెమ్మది డ్యాన్సు కాబట్టి సులువా? నిమిషానికి 25 నుంచి 27 బార్లే (నాలుగు కౌంట్లు ఒక బారు), నిజమే. కానీ వేగం లేనప్పుడు తప్పు దాచుకోవడానికి చోటుండదు. జత లేకపోతే రాకూడదా? రండి, మొదటి నెల అందరూ ఒంటరిగానే నడుస్తారు. హీల్స్ మొదటి రోజే కొనాలా? వద్దు, రబ్బరు సోలు లేని మామూలు బూట్లు చాలు, స్పోర్ట్స్ షూ నేలకు పట్టేసి మోకాలు మెలిపడుతుంది.

ఇక "రుంబా చేస్తే ఎన్ని కేజీలు తగ్గుతాం?" అని ఫోన్ చేసేవాళ్లకు: మీరు అడుగుతున్నది జుంబా, పాటల మీద చేసే వ్యాయామం. అది మా పై అంతస్తులో, సాయంత్రం ఆరింటికి.