గోవా 1963: సింహం గుర్తుకు పడిన ఓటు దేనికి పడినట్టు?

ఏటా జనవరి 16న గోవాలో ‘అస్మితాయ్ దీస్’ జరుపుకుంటారు. తమను మహారాష్ట్రలో కలపొద్దని గోవా జనం 1967లో ఓటేసి చెప్పిన రోజది. ఆ ఓటు అవసరం రావడానికి మూలం అంతకు మూడేళ్ల ముందు జరిగిన అసెంబ్లీ ఎన్నికలో ఉంది.

1961 డిసెంబర్ 19న గోవాలో పోర్చుగీసు పాలన ముగిసింది. గోవా, డామన్, డయ్యూ కేంద్రపాలిత ప్రాంతానికి మొదటి అసెంబ్లీ ఎన్నిక 1963 డిసెంబర్ 9న జరిగింది. మొత్తం 30 సీట్లు, అందులో గోవావి 28. సైన్యాన్ని పంపి విడిపించింది నెహ్రూ ప్రభుత్వమే అయినా, గోవాలో కాంగ్రెస్‌కు ఒక్క సీటూ రాలేదు. డామన్‌లో మాత్రం ఒకటి దక్కింది. గనుల యజమాని దయానంద్ బందోడ్కర్ నడిపిన మహారాష్ట్రవాదీ గోమంతక్ పార్టీకి (గుర్తు సింహం) 14, డాక్టర్ జాక్ డి సెక్వేరా నాయకత్వంలోని యునైటెడ్ గోవన్స్ పార్టీకి 12 వచ్చాయి. బందోడ్కర్ ముఖ్యమంత్రి అయ్యారు.

ఆయన పార్టీ మాట మహారాష్ట్రలో విలీనం, మరాఠీ. సెక్వేరా పార్టీ మాట ప్రత్యేక గోవా, కొంకణి. అందుకే సింహం గుర్తు గెలిచింది కాబట్టి జనం విలీనానికి ఒప్పుకున్నట్టేనని ఆ పార్టీ వాదించింది. ఆ లెక్క తప్పు.

ఊళ్లలో పరిస్థితి చూడండి. సొంత నేల లేని ముండ్‌కార్ ఇల్లు కట్టుకునేది భూస్వామి, అంటే భాట్‌కార్, కొబ్బరితోటలో. గోడలు తనవి, కింద నేల ఆయనది. పిలిస్తే పనికి వెళ్లాలి. ఎదురు తిరిగితే ఇల్లు ఖాళీ చేయమంటారేమోనని టెన్షన్. అలాంటి మనిషికి బహుజనుల పార్టీనంటూ వచ్చిన సింహం గుర్తులో ముందు కనిపించేది తన గడప. మహారాష్ట్ర సరిహద్దు ఆ తర్వాతే. 1964లో కౌలు చట్టం వచ్చింది, పల్లెల్లో ప్రైమరీ స్కూళ్లు తెరిచారు. వాళ్లు ఓటేసింది ఇలాంటివాటి కోసం కూడా.

అయినా 1965లో గోవా అసెంబ్లీ విలీన తీర్మానం చేసేసింది. జనాన్ని నేరుగా అడగాలని సెక్వేరా వర్గం పట్టుబట్టింది. ఇది మనకు కొత్త గొడవేం కాదు. 1961 ప్రాంతంలో ఎన్నికలు జరిగాక, అసెంబ్లీలో మూడింట రెండొంతుల మంది ఒప్పుకుంటేనే తెలంగాణను ఆంధ్రలో కలపాలని ఫజల్ అలీ కమిషన్ సూచించింది. అంతదాకా ఆగకుండానే 1956లో కలిపేశారు. గోవాకు మాత్రం 1966 డిసెంబర్‌లో పార్లమెంటు ఒపీనియన్ పోల్ చట్టం, అంటే జనాన్నే ఓటుతో అడిగే చట్టం, చేసింది. పోలింగ్ నిష్పక్షపాతంగా జరగాలని బందోడ్కర్ ప్రభుత్వం తప్పుకుంది.

బ్యాలెట్‌పై రెండే గుర్తులు: విలీనానికి పువ్వు, వద్దంటే రెండాకులు. చంద్రకాంత్ కేణీ సంపాదకత్వంలోని ‘రాష్ట్రమత్’ మరాఠీ పత్రికే అయినా విలీనం వద్దని గట్టిగా రాసింది. మరాఠీ చదివే ఇళ్లలోకి ఆ మాట వెళ్లడం ఎంత ముఖ్యమో ఫలితం చూస్తే తెలుస్తుంది. రెండాకులకు 1,72,191, పువ్వుకు 1,38,170. తేడా 34,021. సెక్వేరా పార్టీకి ఎక్కువగా అండగా ఉన్న కాథలిక్కులు జనాభాలో సగం కూడా లేరు. బందోడ్కర్‌ను గెలిపించిన హిందువుల్లో కొందరైనా రెండాకులకు వేయకుండా ఈ లెక్క తేలదు.

గోవా పూర్తి స్థాయి రాష్ట్రం అయ్యేసరికి 1987 మే 30 వచ్చింది. కానీ సింహానికి పడిన ఓటు విలీనానికి పడినట్టు కాదనడానికి నాకు ఇంకా గట్టి సాక్ష్యం 1967 మార్చి నాటి అసెంబ్లీ ఎన్నిక. విలీనం వద్దన్న రెండు నెలలకే అదే జనం మళ్లీ సింహం గుర్తును గెలిపించి బందోడ్కర్‌నే ముఖ్యమంత్రిని చేశారు.