ఆరు పెట్టెలూ మోగుతున్నాయి, అయినా అది 5.1 కాదు

ఆరు స్పీకర్లూ మోగితే సరౌండ్, అంటే చుట్టూ నుంచి వినిపించే శబ్దం, వచ్చేసినట్టే అనుకుంటాం. చాలాసార్లు అది శుద్ధ భ్రమ. కంప్యూటర్ వెనక ఆకుపచ్చ జాక్‌లో ఒకే ఒక్క పిన్ గుచ్చి, ఆంప్లిఫైయర్ మీద ఏదో బటన్ నొక్కగానే ముందూ వెనకా అన్నీ ఒక్కసారి అందుకుంటాయి. ఇప్పుడు వెనక స్పీకరుకు చెవి ఆనించి వినండి. ముందు వస్తున్న పాటే అక్కడా వస్తుంటుంది. రెండు శబ్దాలను ఆరు పెట్టెలకు పంచిపెట్టారంతే. అసలైన 5.1లో ఆరు వేర్వేరు శబ్దాలు ఆరు వేర్వేరు దారుల్లో నడవాలి. ఫైలు, దాన్ని ఆడించే ప్లేయర్, ఆపరేటింగ్ సిస్టమ్, సౌండ్ కార్డ్, తీగ, ఆంప్లిఫైయర్: ఈ గొలుసులో ఏ ఒక్కచోట రెండే దారులున్నా, ఆ తర్వాత ఎన్ని పెట్టెలు పెట్టినా దక్కేది స్టీరియోనే. కాబట్టి స్పీకర్లు కలపడమంటే తీగలు గుచ్చడం ఒక్కటే కాదు, దారి ఎక్కడ ఇరుకవుతోందో వెతకడం కూడా.

ముందు ఎడమ, ముందు కుడి, మధ్యలో సెంటర్, వెనక రెండు. ఇవి అయిదు. చుక్క తర్వాతి ఒకటి సబ్‌వూఫర్‌ది. ఆ ఛానెల్, అంటే ఆ శబ్దపు దారి, దాదాపు 120 హెర్ట్జ్ లోపు బరువైన శబ్దాలనే మోస్తుంది కాబట్టి దాన్ని పూర్తి ఛానెల్‌గా లెక్కపెట్టలేదు. 7.1 అంటే దీనికి మరో జత అదనం.

తీగల జోలికి వెళ్లేముందు స్పీకర్ పెట్టె వెనక్కి తిప్పి చూడాలి. అక్కడ ఎరుపు, నలుపు క్లిప్పులు మాత్రమే ఉండి, ఆ సెట్టులో ఎక్కడా కరెంటు ప్లగ్ లేకపోతే లోపల ఆంప్లిఫైయర్ లేదని అర్థం. సౌండ్ కార్డ్ ఇచ్చేది మహా అయితే ఒకటి రెండు వోల్టుల బలహీనమైన సిగ్నల్. 4 లేదా 8 ఓమ్‌ల స్పీకర్‌ను అది నేరుగా నడపలేదు. మధ్యలో ఆంప్లిఫైయర్ కానీ, ఏవీ రిసీవర్ (ఆంప్లిఫైయర్‌తో పాటు శబ్దం, బొమ్మ తీగలను అందుకునే పెట్టె) కానీ ఉండాల్సిందే. కంప్యూటర్ కోసమని అమ్మే 5.1 సెట్లలో సాధారణంగా సబ్‌వూఫర్ పెట్టెలోనే ఆంప్లిఫైయర్ ఉంటుంది, మిగతా అయిదూ దానికే తగులుకుంటాయి. ఆ క్లిప్పుల దగ్గర ఎరుపు ఎరుపుకే, నలుపు నలుపుకే వెళ్లాలి. ఒక స్పీకరుకు తిరగబడితే శబ్దం ఆగిపోదు, అందుకే ఎవరూ గమనించరు. రెండు స్పీకర్లలోని పొరలు ఎదురెదురుగా కదిలి బేస్ పల్చబడుతుంది, మధ్యలో నిలబడాల్సిన గొంతు ఎటో చెదిరిపోతుంది.

ఇప్పుడు అసలు పిన్ సంగతి. 3.5 మిల్లీమీటర్ల పిన్‌ను దగ్గరగా చూస్తే రెండు సన్నని నల్ల గీతలు దాన్ని మూడు ముక్కలు చేస్తూ కనిపిస్తాయి. కొస ఎడమ ఛానెల్, నడిమి వలయం కుడి ఛానెల్, అడుగున ఉన్నది రెండింటికీ ఉమ్మడి గ్రౌండ్. ఒక పిన్‌కు రెండు ఛానెళ్లు, ఆరింటికి మూడు పిన్నులు. లెక్క ఇంతే. డెస్క్‌టాప్ వెనక వీటిని రంగులతో గుర్తిస్తారు: ఆకుపచ్చ ముందు జత, నలుపు వెనక జత, నారింజ సెంటర్‌తో పాటు సబ్‌వూఫర్, 7.1 ఉంటే బూడిద రంగు పక్క జత. నీలం బయటి శబ్దం లోపలికి తీసుకునేది, గులాబీ మైక్‌ది.

చాలా మదర్‌బోర్డుల మీద ఈ అయిదారు జాక్‌లూ ఉండవు. ఆకుపచ్చ, నీలం, గులాబీ, ఈ మూడే ఉంటాయి. అంతమాత్రాన 5.1 రాదనుకోనక్కర్లేదు. డ్రైవర్‌తో (సౌండ్ కార్డును నడిపే సాఫ్ట్‌వేర్‌తో) వచ్చే ఆడియో ప్రోగ్రామ్‌లో స్పీకర్లను 5.1గా మార్చగానే నీలం జాక్ వెనక జతకూ, గులాబీ జాక్ సెంటర్-సబ్‌వూఫర్‌కూ వేషం మార్చుకుంటాయి. బోర్డు పుస్తకంలో దీనికి చిన్న పట్టిక ఉంటుంది, అదొక్కటి చూసుకుంటే చాలు. ఈ మార్పు చేయకుండా పిన్నులు గుచ్చినవాళ్లే ఎక్కువగా ఇబ్బంది పడతారు. నీలం జాక్ ఇంకా ఇన్‌పుట్‌గానే ఉంటుంది కనుక వెనక స్పీకర్లు చప్పుడు చేయవు, నేరం మాత్రం కేబుల్ మీదకు పోతుంది. మైక్ కావాలంటే ఇక క్యాబినెట్ ముందున్న జాకే గతి.

ఆంప్లిఫైయర్ వైపు ఆరు ఆర్‌సీఏ సాకెట్లు (పాత టీవీల వెనక ఉండే గుండ్రటి రకం) ఉంటే ఒకవైపు 3.5 పిన్, మరోవైపు రెండు ఆర్‌సీఏ పిన్నులు ఉన్న కేబుళ్లు మూడు కావాలి. తెలుపు ఎడమ, ఎరుపు కుడి. నారింజ జాక్ నుంచి వచ్చే కేబుల్లో మామూలుగా తెలుపు సెంటర్‌కు, ఎరుపు సబ్‌వూఫర్‌కు వెళ్లాలి. కొన్ని సెట్లలో ఇది తారుమారు. తారుమారైతే గుర్తుపట్టడం తేలికే: పాత్రలు మాట్లాడుతుంటే సబ్‌వూఫర్ బావిలోంచి గొణిగినట్టు గొణుగుతుంది, పేలుడు వచ్చినప్పుడు చిన్న సెంటర్ స్పీకర్ బరబరా కొట్టుకుంటుంది. ఆ రెండు ఆర్‌సీఏ పిన్నులను అటూ ఇటూ మార్చండి. మూడు 3.5 పిన్నులే నేరుగా దిగే సెట్టయితే డ్రైవర్‌లో సెంటర్, సబ్‌వూఫర్ మార్పిడి అనే గడి ఉందేమో చూడాలి.

ఒక అవుట్‌పుట్‌ను రెండుగా చీల్చే వై-కేబుల్‌తో ముందు జత శబ్దాన్నే వెనక్కీ పంపడం ప్రమాదమేమీ కాదు, కానీ మొదట్లో చెప్పుకున్న భ్రమ అదే. తలకిందులుగా వాడి రెండు అవుట్‌పుట్‌లను ఒకే సాకెట్‌లోకి కలపడం మాత్రం తప్పు. ఒక సర్క్యూట్ మరోదాన్ని వెనక్కి తోస్తూ ఉంటుంది.

ఆప్టికల్ కేబుల్ సంగతి కాస్త విచిత్రం. కాంతి తీగ కదా, ఎన్నైనా మోస్తుందని ఆశపడతాం. సెకనుకు 48,000 నమూనాలు, ఒక్కో నమూనాకు 16 బిట్లు అనుకుంటే రెండు ఛానెళ్లకు సెకనుకు 15.36 లక్షల బిట్లు. ఆరు ఛానెళ్లకు 46.08 లక్షలు. ఈ దారిలో నడిచే ఎస్/పీడీఐఎఫ్ అనే పద్ధతిని రెండు ఛానెళ్ల ముడి (కుదించని) శబ్దం కోసమే రూపొందించారు, ఆరింటికి అందులో చోటు లేదు. మరి సినిమాలు ఈ కేబుల్ మీద 5.1లో ఎలా వస్తాయి? నొక్కి కుదించి. డాల్బీ డిజిటల్ అనే కుదింపు పద్ధతి ఆరు ఛానెళ్లనూ కలిపి సెకనుకు గరిష్ఠంగా 6.4 లక్షల బిట్లలో ఇమిడ్చేస్తుంది, అంటే ముడి స్టీరియో కన్నా తక్కువ. సినిమా ఫైల్లో శబ్దం ముందే ఆ మూట రూపంలో ఉంటే, ప్లేయర్ దాన్ని విప్పకుండా అలాగే రిసీవర్‌కు అందిస్తుంది. దీన్నే పాస్‌త్రూ అంటారు. రిసీవర్ విప్పుకుంటుంది. మూట కట్టిన దాన్ని పెంచడం, తగ్గించడం కుదరదు గనుక ఆ సమయంలో కంప్యూటర్లోని వాల్యూమ్ గీత జరిపినా ఏమీ జరగదు. చెడిపోయిందని కంగారు పడొద్దు, రిసీవర్ మీద తగ్గించుకోవాలి.

గేమ్‌లకు ఈ కిటుకు పనికిరాదు. తుపాకీ ఎటు నుంచి పేలిందో ఆ క్షణంలోనే లెక్కకట్టి పుట్టించే శబ్దం అది, ముందే కట్టిపెట్టిన మూట లేదు. అందుకే ఆప్టికల్ మీద గేమ్ స్టీరియోలోనే వస్తుంది. కంప్యూటర్ అప్పటికప్పుడు మూట కట్టగలిగితేనే 5.1. ఆ పని చేసేవి డాల్బీ డిజిటల్ లైవ్, డీటీఎస్ కనెక్ట్. ఇవి కొన్ని బోర్డుల్లో, కొన్ని సౌండ్ కార్డుల్లో మాత్రమే ఉంటాయి. ఉన్నా కట్టడానికి, విప్పడానికి కొంత సమయం పోతుంది, వేగంగా ఆడేవాళ్లకు ఆ ఆలస్యం తెలుస్తుంది. ఆప్టికల్ కోసమే ప్రత్యేకంగా రిసీవర్ కొనడం నా దృష్టిలో తెలివైన పని కాదు.

రిసీవర్ ఉంటే హెచ్‌డీఎంఐ మేలు. ఎనిమిది ఛానెళ్ల ముడి శబ్దం దానిమీద హాయిగా వెళ్తుంది. కేబుల్ పెట్టగానే కంప్యూటర్ అవతలి పరికరాన్ని ‘నువ్వు ఎన్ని ఛానెళ్లు తీసుకుంటావు?’ అని అడిగి, వచ్చిన జవాబును బట్టే సెట్టింగులు చూపిస్తుంది. అందుకే రిసీవర్‌ను ముందు ఆన్ చేసి, తర్వాత కంప్యూటర్‌ను ఆన్ చేయడం మంచి అలవాటు. ఇక్కడొక చిక్కుంది. హెచ్‌డీఎంఐలో శబ్దం విడిగా నడవదు, బొమ్మ గీతల మధ్య దొరికే ఖాళీ సమయంలో ప్రయాణిస్తుంది. బొమ్మ పంపకుండా శబ్దం పంపలేం. కాబట్టి రిసీవర్‌ను కంప్యూటర్ ఇంకో మానిటర్‌గా లెక్కేస్తుంది. మౌస్ బాణం తెర అంచు దాటి కనబడని లోకంలోకి వెళ్లిపోతుంది. ఆ దొంగ తెరను ఆపేస్తే శబ్దమూ పోతుంది. కంప్యూటర్ నుంచి రిసీవర్‌కు, రిసీవర్ నుంచి మానిటర్‌కు వరసగా కలిపితే ఈ గొడవే ఉండదు. మానిటర్ సెకనుకు చూపే బొమ్మల వేగాన్ని రిసీవర్ అందుకోలేకపోతే రెండింటినీ విడివిడిగా కలిపి, డిస్‌ప్లే సెట్టింగుల్లో ఆ దొంగ తెరను అసలు తెరకు మూలగా, ఒక్క కొస మాత్రమే తగిలేలా జరిపి పెట్టండి. బాణం అటు జారడం దాదాపు ఆగిపోతుంది.

కంప్యూటర్‌ను టీవీకి కలిపి, టీవీ నుంచి ఏఆర్‌సీ (హెచ్‌డీఎంఐ కేబుల్ మీదే శబ్దాన్ని వెనక్కి పంపే దారి) ద్వారా రిసీవర్‌కు శబ్దం తెచ్చుకునే పద్ధతిలోనూ ఆప్టికల్ నాటి ఇరుకే ఉంది. రెండు ముడి ఛానెళ్లు, లేదా మూట. పైగా చాలా టీవీలు కంప్యూటర్ అడిగినప్పుడు ‘నాకు రెండే’ అని జవాబిస్తాయి, దాంతో 5.1 ఎంపికే కనిపించదు. టీవీలోనూ, రిసీవర్‌లోనూ దాని మెరుగైన రూపమైన ఈ-ఏఆర్‌సీ ఉంటేనే ఎనిమిది ముడి ఛానెళ్లకు దారి దొరుకుతుంది.

ల్యాప్‌టాప్‌కు మామూలుగా ఉండేది ఒకే ఆడియో రంధ్రం. హెచ్‌డీఎంఐ వాడకపోతే యూఎస్‌బీ సౌండ్ కార్డ్ తప్పదు. డబ్బా మీద 7.1 అని రాసినంత మాత్రాన నమ్మొద్దు, రంధ్రాలు లెక్కపెట్టండి. వేలెడంత కార్డుల్లో ఒక హెడ్‌ఫోన్ జాక్, ఒక మైక్ జాక్ తప్ప ఇంకేమీ ఉండవు. వాటి 7.1 హెడ్‌ఫోన్‌లో పుట్టించే కల్పన. మనకు కావాల్సింది కనీసం మూడు అవుట్‌పుట్ జాక్‌లు, లేదా ఆరు ఆర్‌సీఏలు. బ్లూటూత్ గురించి ఒక్క మాట చాలు: కంప్యూటర్ నుంచి స్పీకరుకు పాట పంపే దాని మామూలు పద్ధతి రెండు ఛానెళ్లదే.

తీగలు పూర్తయ్యాక విండోస్ 11లో సెట్టింగ్స్, సిస్టమ్, సౌండ్ దాటి ‘మోర్ సౌండ్ సెట్టింగ్స్’ తెరవండి. ప్లేబ్యాక్ జాబితాలో మన పరికరాన్ని ఎంచుకుని ‘కాన్ఫిగర్’ నొక్కాలి. అక్కడ 5.1 రెండుసార్లు కనిపించడం మామూలే, ఒకదాని బొమ్మలో స్పీకర్లు పక్కన, ఇంకోదానిలో వెనక ఉంటాయి. పరీక్షలో వెనక జత మూగగా ఉంటే మరోదాన్ని ఎంచుకోండి. ‘టెస్ట్’ నొక్కితే ఒక్కో స్పీకరే వరసగా మోగుతుంది. తెర మీద వెలిగిన స్పీకర్, గదిలో మోగిన స్పీకర్ ఒకటేనా అన్నది తప్ప ఇక్కడ ఇంకేమీ చూడనక్కర్లేదు. తర్వాతి తెరలో ‘ఫుల్ రేంజ్’ గడులుంటాయి, ఆ స్పీకర్ బరువైన శబ్దాలనూ మోయగలదని చెప్పే గుర్తులవి. పిడికెడు స్పీకర్లకు అవి తీసేయండి. లైనక్స్‌లో పల్స్ ఆడియో వాల్యూమ్ కంట్రోల్ ప్రోగ్రామ్‌లోని కాన్ఫిగరేషన్ పేజీలో ‘అనలాగ్ సరౌండ్ 5.1 అవుట్‌పుట్’ ఎంచుకోవాలి. మ్యాక్‌లో ఆడియో మిడి సెటప్‌లో ‘కాన్ఫిగర్ స్పీకర్స్’.

టెస్ట్ సరిగ్గా వచ్చి, సినిమా పెడితే వెనక స్పీకర్లు మౌనంగా ఉంటే తీగలు మళ్లీ పీకకండి. ఆ ఫైల్లోనే రెండు ఛానెళ్లు ఉండొచ్చు. ప్లేయర్‌లో కోడెక్ (శబ్దాన్ని కట్టి, విప్పే పద్ధతి) వివరాలు తెరిస్తే ‘స్టీరియో’ అనో, ‘3ఎఫ్2ఆర్/ఎల్‌ఎఫ్‌ఈ’ అనో తేలిపోతుంది. రెండోది ముందు మూడు, వెనక రెండు, ఒక సబ్‌వూఫర్ అన్నమాట. పాటలన్నీ దాదాపు స్టీరియోనే.

దీనికి తిరగబడ్డ సమస్య ఇంకా తమాషాగా ఉంటుంది. నేపథ్య సంగీతం గలగలా వస్తుంది, పాత్రల పెదాలు కదులుతాయి, మాట మాత్రం వినబడదు. సెట్టింగు 5.1లో ఉండిపోయి, గదిలో రెండే స్పీకర్లున్నాయన్నమాట. సినిమాలో సంభాషణ ఎక్కువగా సెంటర్ ఛానెల్‌లోనే ఉంటుంది, లేని స్పీకరుకు కంప్యూటర్ దాన్ని నమ్మకంగా పంపిస్తోంది. స్టీరియోకు మారిస్తే ఆ గొంతును రెండు వైపులా పంచుతుంది.

గుయ్‌మనే హోరు వస్తే మొదట ల్యాప్‌టాప్ ఛార్జర్ పీకి చూడండి. హోరు ఆగిందా, అది గ్రౌండ్ లూప్. కంప్యూటర్, ఆంప్లిఫైయర్ వేర్వేరు ప్లగ్గుల దగ్గర ఎర్త్ అయి, ఆడియో కేబుల్ గ్రౌండ్ ద్వారా మళ్లీ కలుసుకుంటే ఆ వలయంలో కరెంటు తిరిగి, సరఫరాను బట్టి 50 లేదా 60 హెర్ట్జ్, దాని రెట్టింపుల్లో మోత పుడుతుంది. రెండింటినీ ఒకే ఎక్స్‌టెన్షన్ బోర్డులోకి తెస్తే చాలాసార్లు పోతుంది. పోకపోతే ఆడియో కేబుల్ మధ్య గ్రౌండ్ లూప్ ఐసోలేటర్ పెట్టొచ్చు. పై మాటలన్నీ అన్నా, ఆప్టికల్ కేబుల్ గెలిచేది ఇక్కడే, దానిలో కరెంటు పారే లోహమే లేదు. హోరు పోతుందని ఎర్త్ పిన్ విరిచేయడం మాత్రం ప్రాణాలతో చెలగాటం.

ఇక స్పీకర్ల చోటు. ముందు రెండూ మీ నడినుదురు నుంచి చెరో 30 డిగ్రీలు, వెనక జత చెరో 110 డిగ్రీల దగ్గర, అంటే చెవులకు కాస్త వెనగ్గా ఉండాలి. దిక్కు విషయంలో సబ్‌వూఫర్ ఎక్కడున్నా పెద్దగా ఫరక్ లేదు. 80 హెర్ట్జ్ శబ్దం ఒక అల పొడవే 4.3 మీటర్లు, జానెడు దూరంలో ఉన్న రెండు చెవులు దాని దిక్కు సరిగా పట్టలేవు. మూలకు నెడితే మాత్రం మోత పెరుగుతుంది. వెనక స్పీకర్ల విషయంలో మాత్రం దూరం చాలా తేడా తెస్తుంది. ధ్వని ఒక మీటరు దాటడానికి సుమారు 2.9 మిల్లీసెకన్లు పడుతుంది. ముందువి 2.5 మీటర్ల దూరంలో, వెనకవి మీటరు దూరంలో ఉంటే వెనక శబ్దం 4 మిల్లీసెకన్లకు పైగా ముందే చేరుతుంది. చెవి ముందొచ్చిన దాని వైపే మొగ్గుతుంది కాబట్టి సినిమా అంతా వీపు వెనక జరుగుతున్నట్టుంటుంది. రిసీవర్‌లో అయితే టేపు పెట్టి కొలిచిన దూరాలు ఎక్కిస్తే అది ఆలస్యాన్ని సర్దుతుంది. మామూలు కంప్యూటర్ సెట్టులో ఆ సౌకర్యం లేదు. విండోస్‌లో పరికరం ప్రాపర్టీస్, లెవెల్స్, బ్యాలెన్స్‌లోకి వెళ్లి వెనక జతను కొంచెం తగ్గించండి, లేదంటే వాటి మొహం గోడకు తిప్పండి. గోడకు తగిలి వచ్చేసరికి ఆ శబ్దానికి దూరమూ పెరుగుతుంది, పదునూ తగ్గుతుంది.