మాడెలీన్ బ్రెంట్ వెనకున్న మనిషి

1978లో బ్రిటన్‌లోని రొమాంటిక్ నావలిస్ట్స్ అసోసియేషన్ ఆ ఏటి ఉత్తమ ప్రేమ నవలగా 'మెర్లిన్స్ కీప్'ను ఎంపిక చేసింది. హిమాలయాల్లో పెరిగిన ఒక అమ్మాయి ఇంగ్లండు చేరి, తన పుట్టుక గుట్టు తెలుసుకునే కథ అది. అట్ట మీద రచయిత్రి పేరు మాడెలీన్ బ్రెంట్. అసలు అలాంటి రచయిత్రి లేనే లేదు. ఆ నవల రాసినాయన పీటర్ ఓడానెల్. పత్రికల్లో రోజూ కత్తులు, తుపాకులతో చెలరేగే బొమ్మల కథల నాయిక మాడెస్టీ బ్లేజ్‌ను సృష్టించింది ఆయనే. ఆ నాయికకూ ఈ రచయిత్రికీ పొడి అక్షరాలు ఒకటే అయినా పాఠకులకు చాలాకాలం పాటు అనుమానం రాలేదు.

అంత పేరున్న థ్రిల్లర్ రచయితకు ఆడపేరు ఎందుకు అవసరమైంది? కారణం ఆ కాలపు పుస్తకాల బజారులో ఉంది. 1955లో మేరీ స్టీవార్ట్ మొదటి నవల వచ్చింది. ప్రేమకథలోకి నేరాన్నీ వెంటాడే ప్రమాదాన్నీ నేర్పుగా కలిపి ఆమె కొత్త దారి వేశారు. 1960లో విక్టోరియా హోల్ట్ పేరుతో 'మిస్ట్రెస్ ఆఫ్ మెలిన్' వచ్చింది. అదీ మారుపేరే. అసలు రచయిత్రి ఎలినార్ హిబ్బర్ట్ అప్పటికే జీన్ ప్లేడీ పేరుతో రాజుల కథలు రాస్తున్నారు. 'రెబెకా' రాసిన డాఫ్నీ డు మోరియే హోల్ట్ పేరుతో దొంగచాటుగా రాస్తున్నారేమోనని కూడా కొందరు అనుకున్నారు. పాత బంగళా, ఎవరూ లేని యువతి, నమ్మాలో వద్దో తేలని మగవాడు, ఇంటి గోడల్లో దాగిన రహస్యం: ఈ సరుకుకు ఆ రోజుల్లో విపరీతమైన గిరాకీ. ప్రేమ నవలను విమర్శకులు చిన్నచూపు చూస్తున్నారన్న ఉక్రోషంతో రచయిత్రులు తమకంటూ రొమాంటిక్ నావలిస్ట్స్ అసోసియేషన్ పెట్టుకున్నదీ 1960లోనే.

ఈ నవలల్లో కథ చెప్పేది సాధారణంగా నాయికే. 'నేను' అంటూ మొదలుపెట్టి తన భయాలూ తన మనసూ విప్పుతుంది. ఆ గొంతు మీద మగపేరు ఉంటే పాఠకురాలు మొదటి పేజీలోనే ఆగిపోతుందని ప్రచురణకర్తల లెక్క. సూవెనీర్ ప్రెస్ అధిపతి ఎర్నెస్ట్ హెక్ట్ ఇలాంటి నవల రాయమని ఓడానెల్‌ను అడిగినప్పుడు షరతు కూడా అదే.

ఓడానెల్‌కు ఇది కొత్త విద్య కాదు. 1920లో లండన్‌లోని లూయిషామ్‌లో పుట్టారు. తండ్రి నేరవార్తల విలేకరి. పదహారేళ్లకే మొదటి కథ అమ్ముడుపోయింది. సైన్యంలో సిగ్నల్స్ విభాగంలో పనిచేసి, యుద్ధం ముగిశాక మళ్లీ కలం పట్టారు. పిల్లల పత్రికలు, మహిళల పత్రికలు, రోజువారీ బొమ్మల కథలు, అడిగినవన్నీ రాశారు. 'గార్త్' బొమ్మల కథను 1953 నుంచి పదమూడేళ్లు నడిపారు. ఇయాన్ ఫ్లెమింగ్ జేమ్స్ బాండ్ నవల 'డాక్టర్ నో'ను డైలీ ఎక్స్‌ప్రెస్‌కు బొమ్మల కథగా మలిచిందీ ఆయనే. ఎవరి గొంతులోనైనా గడువులోగా రాసివ్వగల పనివాడు. సాహిత్య చరిత్రలు ఇలాంటి వాళ్లను పట్టించుకోవు గానీ, నాకు మాత్రం వీళ్ల మీదే గౌరవం ఎక్కువ.

ఆయన నాయికలందరి మూలం 1942 నాటి ఉత్తర పర్షియాలో ఉంది. ఓడానెల్ దళం విడిది చేసిన చోటికి ఒక శరణార్థి పిల్ల ఒంటరిగా నడుచుకుంటూ వచ్చింది. పన్నెండేళ్లు ఉండవచ్చు. మెడలో తాడుకు వేలాడుతూ ఒక కర్రముక్క, దానికి తీగతో బిగించిన పొడవాటి మేకు. అదే ఆమె ఆయుధం. సైనికులు పెట్టిన తిండి తిని, గిన్నె కడిగి తెచ్చి ఇచ్చింది. కొన్ని ఆహారపు డబ్బాలు, వాటిని తెరిచే పరికరం ఇచ్చారు. ఒక చిరునవ్వు నవ్వి, తల నిటారుగా పెట్టుకుని తన దారిన తాను వెళ్లిపోయింది. ఆ పిల్ల పెద్దదైతే ఎలా ఉంటుందన్న ఊహే ఇరవై ఏళ్ల తర్వాత మాడెస్టీ బ్లేజ్ అయింది.

ఆ బొమ్మల కథను మొదట అడిగిన డైలీ ఎక్స్‌ప్రెస్, నాయిక ఒకప్పుడు నేరముఠా నాయకురాలని తెలిసి వెనకడుగు వేసింది. 1963 మే 13న ఈవెనింగ్ స్టాండర్డ్‌లో మొదలై, 2001 ఏప్రిల్ 11న, సరిగ్గా ఓడానెల్ ఎనభై ఒకటో పుట్టినరోజున ముగిసింది. పదివేలకు పైగా రోజువారీ భాగాలు. మొదటి చిత్రకారుడు జిమ్ హోల్డవే 1970లో హఠాత్తుగా చనిపోతే స్పెయిన్‌కు చెందిన రొమేరో ఆ బాధ్యత తీసుకున్నారు. 1984లో తమిళంలో లయన్ కామిక్స్ తొలి సంచిక వచ్చినప్పుడు అందులో ఉన్నదీ మాడెస్టీ కథే.

1966లో జోసెఫ్ లోసీ తీసిన మాడెస్టీ సినిమా సంగతి క్లుప్తంగా చెప్పుకుంటే చాలు. ఓడానెల్ స్క్రిప్టు దాదాపు మొత్తం మార్చేశారు. ఆ స్క్రిప్టునే ఆయన నవలగా రాసి, సినిమా కంటే ముందే, 1965లో సూవెనీర్ ప్రెస్ ద్వారా బయటికి తెచ్చారు. సినిమా నిరాశపరిచింది. నవల నిలబడింది, దాని వెనక మరిన్ని వచ్చాయి. అలా మొదలైన ప్రచురణ బంధమే 1971లో మాడెలీన్ బ్రెంట్ మొదటి నవల 'ట్రెగారన్స్ డాటర్'కు దారి తీసింది. 1986 వరకు బ్రెంట్ పేరు మీద తొమ్మిది నవలలు వచ్చాయి.

తమాషా ఏమిటంటే, థ్రిల్లర్ రచయితగా ఓడానెల్ తన జంట మధ్య ప్రేమను ససేమిరా రానివ్వలేదు. మాడెస్టీ, ఆమె కుడిభుజం విల్లీ గార్విన్ ఒకరి కోసం ఒకరు ప్రాణాలు ఒడ్డుతారు గానీ ప్రేమికులు కారు. పాఠకులు కోరుకునే ఆ ప్రేమంతా బ్రెంట్ ఖాతాలో వేసుకున్నారు. నాయిక మాత్రం మారలేదు. 'మూన్‌రేకర్స్ బ్రైడ్' నాయిక లూసీ చైనాలోని ఒక మిషన్ అనాథాశ్రమంలో పెరిగిన ఆంగ్ల పిల్ల. పసివాళ్ల కడుపు నింపడానికి చేసిన పనికి చెరసాల పాలవుతుంది. పక్కనే మరణశిక్ష పడిన ఒక ఆంగ్లేయుడు. ఆ చెరలోనే పెళ్లి. ఆకలికీ అవమానానికీ ఏడ్చి కూలబడకుండా ఉపాయం వెతికే ఆ పిల్ల, మేకు కట్టిన కర్రతో నడిచిన పిల్లకు చెల్లెలే.

ఈ నవలల్లో మొదటి సగాలే నాకు గొప్పగా అనిపిస్తాయి. నాయిక ఇంగ్లండు బంగళాలో అడుగుపెట్టాక వారసత్వ రహస్యాలు, మంచివాడా చెడ్డవాడా అన్న సందేహాలు మామూలు మూసలో పడతాయి. చైనా అయినా, అఫ్గానిస్తాన్ అయినా, ఆస్ట్రేలియా ఎడారి అయినా ఆ నేల మనుషులు చాలాసార్లు వెనక తెరగానే మిగిలిపోతారు. సామ్రాజ్యపు చూపు అది, కథ ఎంత బిగువుగా ఉన్నా దాచుకోలేదు.

ఓడానెల్ ఒక్కరే కాదు ఈ దారిలో. గ్లాస్గోకు చెందిన హ్యూ సి. రే 1960లలో కరుకైన నేర నవలలు రాసినవారు. తర్వాత జెస్సికా స్టెర్లింగ్ పేరుతో మొదట పెగ్గీ కాగ్లన్‌తో కలిసి, ఆపై ఒంటరిగా కుటుంబ ప్రేమకథలు రాశారు. వాటిలో ఒకటి 1999లో అదే రొమాంటిక్ నావలిస్ట్స్ అసోసియేషన్ అవార్డు తుది జాబితాకు చేరింది. యార్క్‌షైర్‌కు చెందిన బిల్ స్పెన్స్ కౌబాయ్ నవలల నుంచి జెస్సికా బ్లెయిర్‌గా మారారు. మన వారపత్రికల స్వర్ణయుగంలోనూ ఇదే లెక్క నడిచింది. రచయిత్రుల సీరియళ్లు పత్రికలను అమ్మిపెడుతున్న రోజుల్లో కొందరు మగవాళ్లు ఆడపేర్లు ఆశ్రయించారు. పురాణం సుబ్రహ్మణ్యశర్మ 'పురాణం సీత'గా రాసిన 'ఇల్లాలి ముచ్చట్లు' వాటిలో తలమానికం. అయితే అక్కడ ఆ గొంతు చమత్కారం కోసం. ఓడానెల్‌కు అది వ్యాపార ఒప్పందం.

ఆ ఒప్పందాన్ని ఆయన నిజాయితీగా పాటించారు. తర్వాతి ముద్రణల మీద మాత్రమే మాడెలీన్ బ్రెంట్ పేరుతో పీటర్ ఓడానెల్ అని వచ్చింది. 1996లో 'కోబ్రా ట్రాప్' కథల సంపుటిలో మాడెస్టీనీ విల్లీనీ తన చేతులతోనే సాగనంపారు. ఆ చివరి కథ చదవబోమని భీష్మించుకున్న అభిమానులు ఉన్నారు. బ్రెంట్‌కు అలాంటి వీడ్కోలేదీ లేదు. 1986లో 'గోల్డెన్ అర్చిన్' తర్వాత ఆమె రాయడం మానేసింది, అంతే. ఓడానెల్ 2010లో తొంభయ్యో ఏట మరణించారు.