భిన్నాల భాగహారం: అపోహలు – వాస్తవాలు

గుంటూరు బ్రాడీపేటలో ఆరు, ఏడు తరగతుల పిల్లలకు లెక్కలు చెబుతుంటాను. భిన్నాల భాగహారం ఉత్తి అంకెల్లో ఇస్తే చకచకా చేసేస్తారు. అదే మాటల్లో ఇస్తే టెన్షన్ మొదలు.

అపోహ: భాగిస్తే జవాబు తగ్గాలి.
వాస్తవం: 5 కేజీల కారం పావుకేజీ చొప్పున ప్యాకెట్లు కడితే 20 ప్యాకెట్లు వస్తాయి. భాజకం, అంటే భాగించే సంఖ్య, ఒకటి కంటే తక్కువైతే జవాబు పెరుగుతుంది. 20 చూసి కంగారుపడి, కొట్టేసి 5/4 అని దిద్దుకునేవాళ్లు ప్రతి బ్యాచ్‌లోనూ ఉంటారు.

అపోహ: తిరగేసి గుణించడం ఒక ట్రిక్కు. ఎందుకని అడక్కూడదు.
వాస్తవం: ముప్పావు కేజీ మినప్పప్పు 120 రూపాయలు. కేజీ ఎంత? కొట్టాయన కాగితం కూడా తియ్యడు. ముప్పావంటే మూడు పావులు, పావు 40, కేజీకి నాలుగు పావులు, 160. మూడుతో భాగించి నాలుగుతో గుణించాడు, అంటే 120 ÷ 3/4 బదులు 120 × 4/3 చేశాడు. తిరగెయ్యడమంటే ఇదే. ఈ సూత్రం మహావీరాచార్యుడు తొమ్మిదో శతాబ్దంలో సంస్కృతంలో రాసిన గణితంలోనే ఉంది. ఆ గణితాన్ని తెలుగు పద్యాల్లో పెట్టినవాడు మన పావులూరి మల్లన.

అపోహ: జవాబులో మిగిలిన భిన్నమే మిగిలిన సరుకు.
వాస్తవం: ఎక్కువ మార్కులు పోయేది ఇక్కడే. మంగళగిరి కాటన్ గుడ్డ మూడున్నర మీటర్లుంది. జాకెట్టుకు ముప్పావు మీటరు. ఎన్ని జాకెట్లు, ఎంత గుడ్డ మిగులు? 7/2 ÷ 3/4 = 14/3, అంటే 4 2/3. పిల్లలు ‘నాలుగు జాకెట్లు, 2/3 మీటరు మిగులు’ అని రాసేస్తారు. నాలుగు జాకెట్లకు 3 మీటర్లు పోతే మిగిలేది అర మీటరే కదా! ఆ 2/3 మీటరులో భాగం కాదు, జాకెట్టులో భాగం. ముప్పావు మీటరులో 2/3 వంతు అంటే అర మీటరు, సరిపోయింది. అందుకే జవాబు పక్కన ‘ఏమిటి’ అన్నది రాయకపోతే నేను సగం మార్కులే వేస్తాను. పిల్లలు సణుగుతారు, సణగనివ్వండి.

ఇదే అంకెలతో ఇంకో లెక్క. మూడున్నర లీటర్ల నూనె మొత్తం ముప్పావు లీటరు సీసాల్లో పొయ్యాలి. జాకెట్లు నాలుగే, సీసాలు మాత్రం ఐదు కావాలి. భాగహారం ఒక్కటే అయినా, అడిగినదాన్ని బట్టి జవాబు మారింది.

అపోహ: ఎప్పుడూ పెద్దదాన్ని చిన్నదానితో భాగించాలి.
వాస్తవం: ముప్పావు లీటరు సీసాలో అర లీటరు పాలు పోస్తే ఎంత వంతు నిండింది? 1/2 ÷ 3/4, అంటే 2/3 వంతు. ఇక్కడ చిన్నదాన్నే పెద్దదానితో భాగించాం.

అపోహ: దశాంశాల్లోకి మార్చుకుంటే గొడవే ఉండదు.
వాస్తవం: పావు, అర, ముప్పావు వరకు ఫరవాలేదు. 4 లీటర్ల మజ్జిగ 2/3 లీటరు సీసాల్లో పోస్తే సరిగ్గా 6 నిండుతాయి. 2/3ని 0.67 అనుకుని భాగిస్తే 5.97 వస్తుంది. పిల్లవాడు ఐదే నిండాయని రాసి వస్తాడు.